ఉడుము దూరిన పట్టుపురుగుల షెడ్డు

పట్టు పరిశ్రమ శాఖలో కొత్తగా చేరిన పిల్లలు నన్ను కలిసినప్పుడు అందరూ అడిగే మాట ఒకటే. "మేడమ్, ఇన్నేళ్లు పురుగుల మధ్య ఎట్లా ఉన్నారు? అసహ్యం వేయలేదా?" వేయలేదు. పట్టుపురుగును అరచేతిలో పెట్టుకుంటే చల్లగా, మెత్తగా ఉంటుంది. కరవదు, కుట్టదు, ఆకు తప్ప ఇంకేమీ అడగదు. నా భయం వేరు. బల్లి, తొండ, ఉడుము, ఈ నాలుగు కాళ్ల జాతి ఏదీ నాకు పడదు. పురుగులున్న షెడ్డులో బల్లి లేకుండా ఉండదు. కాబట్టి నా సర్వీసంతా భయపడుతూనే గడిచిందని రాస్తే అందులో అబద్ధమేమీ లేదు.

మాది ధర్మవరం. నాయన గుంటమగ్గం నేసేవాడు. చిన్నప్పుడు ఆయన భోజనానికి లేస్తే నేను వెళ్లి ఆ గుంటలో కాళ్లు వేలాడేసుకుని కూర్చునేదాన్ని. ఒకరోజు పైకప్పు నుంచి తొండ ఒకటి నా ఒళ్లో పడి, దారి తెలియక లంగా లోపలికి దూరింది. అది నన్నేమీ చేయలేదు. నాకంటే అదే ఎక్కువ బెదిరి ఉంటుంది. కానీ నాకు జ్వరం వచ్చింది, అమ్మ దిష్టి తీసింది, జ్వరం తగ్గింది, భయం తగ్గలేదు.

పైరవీలు, బదిలీలు, ఫైళ్ల సంగతులు ఇక్కడ రాయడం లేదు. అవి అన్ని ఆఫీసుల్లో ఒకటే. హిందూపురం నుంచి ధర్మవరం దాకా షెడ్ల వెంట తిరిగినప్పుడు నన్ను వణికించినవి, వణికిస్తూ నేర్పినవి మాత్రమే రాస్తాను.

ఆరు కాళ్లు, నాలుగు కాళ్లు

ఊళ్లోకి వెళ్లగానే పుస్తకంలో ఉన్నట్టు "కీటకం అనగా" అని మొదలుపెట్టకండి. రైతు ఆవలిస్తాడు. నేను తూనీగతో మొదలుపెట్టేదాన్ని. వానలు పడితే మల్బరీ తోటల మీద తూనీగలు కమ్ముకుంటాయి. ఏదో ఒక ఇంట్లో పిల్లలు ఒకదాన్ని పట్టి తోకకు దారం కట్టి ఆడిస్తూనే ఉంటారు. దాన్ని అడిగి తీసుకుని, చూపించి, దారం విప్పి వదిలేసేదాన్ని. ఒళ్లు మూడు భాగాలు, కాళ్లు ఆరు. లోపల వెతికినా ఎముక దొరకదు, పైనున్న గట్టి తోలే దానికి ఎముక. ఊపిరితిత్తులూ లేవు. ఒంటి పక్కల ఉన్న సన్నని బెజ్జాలతోనే గాలి పీలుస్తుంది. పట్టుపురుగుదీ ఇదే వంశం అని చెప్పేదాన్ని.

"పట్టుపురుగుకు ఆరేనా కాళ్లు? లెక్కబెట్టు మేడమ్" అని ఎవరో ఒకరు తప్పకుండా ఎగతాళి చేసేవారు. ముందున్న మూడు జతలే అసలు కాళ్లని, వెనకవి ఆకును పట్టుకోవడానికి ఉన్న కండ ముద్దలని, రెక్కల పురుగు అయ్యేసరికి అవి ఉండవని చెబితే, గూడు కోసి చూసినవాళ్లు తలలు ఊపేవారు.

తొండను మాత్రం దూరం నుంచే వేలు పెట్టి చూపించేదాన్ని. పెనుకొండ బండల మీద ఎండాకాలంలో చూడాలి దాని వేషం. తల ఎర్రగా, ఒళ్లు నల్లగా, ముందు కాళ్ల మీద లేచి ఒంగి, బొమ్మల పుస్తకంలో నిప్పులు కక్కే జంతువులాగా చూస్తుంది. రక్తం తాగుతుందని పిల్లలు రాళ్లేస్తారు. తాగదు. దానికి వెన్నెముక ఉంది, పొలుసుల చర్మం ఉంది, మనలాగే ఊపిరితిత్తులు ఉన్నాయి. అది తినేది పురుగులను. పురుగులు పెంచుకునే మనకు ఆ ఒక్క మాట చాలు, నిద్ర పట్టకుండా ఉండటానికి.

పట్టుపురుగు చర్మం మార్చుకునే రోజును మన రైతులు జ్వరం అంటారు. అది మేత మానేసి తల ఎత్తి కదలకుండా పడుంటుంది. ఒక పెద్దాయన అడిగాడు, పాము కుబుసం విడుస్తుంది, పురుగు జ్వరం పడుతుంది, మరి రెండూ ఒకటే కదా అని. మంచి ప్రశ్న. పాము, తొండ పై పొరను మాత్రమే వదులుతాయి, లోపల ఎముకల గూడు భద్రంగా ఉంటుంది. పురుగు వదిలేది తన ఒంటిని నిలబెట్టే గోడలనే. కొత్త తోలు గట్టిపడే దాకా దానంత దిక్కులేని ప్రాణి ఇంకోటి ఉండదు. అందుకే జ్వరం రోజు షెడ్డులో గట్టిగా మాట్లాడినా నాకు కోపం వచ్చేది.

గోరంట్ల దగ్గర ఒక రైతు చీపురు పట్టుకుని తూనీగల వెంట పడటం చూశాను. అంతకు ముందు పంటలో ఊజీ ఈగ అతన్ని దెబ్బ తీసింది. ఆ ఈగ పట్టుపురుగు ఒంటి మీద గుడ్డు పెడుతుంది, పిల్ల పురుగు లోపలికి తొలుచుకుని పోతుంది. ఇప్పుడు తూనీగ కుంటలో తోక ముంచి గుడ్లు పెట్టడం చూసి, రేపు ఇది నా పురుగుల మీద కూడా పెడుతుందని అతనికి వణుకు పుట్టింది. తూనీగ నీళ్లలో తప్ప పెట్టదని, దాని పిల్లలు అక్కడే దోమ పిల్లలను తిని పెరుగుతాయని, రెక్కలొచ్చాక ఈగలనే పట్టి తింటుందని చెప్పాను. చీపురు కింద పెట్టి, "బయంలో ఉన్నోనికి ఎగిరేదంతా ఈగే మేడమ్" అన్నాడు. శిక్షణలో ఎవరూ నాకు ఇంత సూటిగా చెప్పలేదు.

చీమల మందు

ధర్మవరం పక్క పల్లెలో జరిగింది ఇది. అప్పటి మా పై అధికారి చదువుకున్నవాడు, పని తెలిసినవాడు, కాకపోతే నవ్వు ఎక్కువ. ఒక మీటింగులో ఒక ఆవిడ లేచి, బల్లి పురుగుల మీద పడితే విషమై అన్నీ చస్తాయేమోనని భయంగా ఉందని చెప్పింది. ఆయన పెద్దగా నవ్వి, ఇక్కడి బల్లికి విషమే లేదు, వెళ్లి పని చూసుకో అన్నాడు. ఆయన నవ్వితే అందరూ నవ్వారు. ఆవిడ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని కూర్చుంది.

ఆయన చెప్పింది నిజమే. కానీ ఆవిడ భయం అట్లాగే ఉంది, అడిగే నోరు మాత్రం పోయింది. దుకాణానికి వెళ్లి చీమల మందు తెచ్చి, బల్లులు పోతాయని షెడ్డు గోడల పొడుగునా చల్లింది. నేను వెళ్లేసరికి పురుగులు తలలు అటూ ఇటూ కొట్టుకుంటూ పచ్చటి రసం కక్కుతున్నాయి. బల్లి మాత్రం గోడ మీద అట్లాగే ఉంది, నన్నే చూస్తూ. పురుగులను చంపడానికి చేసిన మందు కొంచెమైనా పురుగుకు చాలు, అంత మాత్రానికి బల్లికి చీమ కుట్టినట్టు కూడా ఉండదు. ఆ రెండు జాతుల తేడా ఏమిటో ఆ రోజు ఆ షెడ్డు మొత్తం చచ్చి చూపించింది. ఆవిడ ఏడవలేదు. "మీరు నవ్వితిరి" అంది, అంతే.

ఆ తర్వాత మా అధికారి రైతుల ముందు నవ్వడం మానేశాడు, ఆ మేరకు ఆయన్ను మెచ్చుకోవాలి. మీరు మాత్రం గుర్తుంచుకోండి. భయపడే మనిషిని చూసి నవ్వితే ఆ భయం వేరే దుకాణానికి వెళ్లి మందు కొనుక్కుంటుంది.

ఇంటోళ్లు దూరకూడదు

ఇక అసలు సంగతి. రిటైరవడానికి కొన్ని నెలల ముందు, పెనుకొండ కొండ కింద ఒక పల్లెలో జయమ్మ అనే అమ్మాయి కొత్తగా షెడ్డు పెట్టింది. భర్త లారీ డ్రైవరు, నెలలో ఎక్కువ రోజులు బయటి రాష్ట్రాల్లోనే ఉంటాడు. ఈ మొదటి పంట చేతికొస్తే ఆయన్ను లారీ దింపేస్తానని, ఇద్దరం పురుగులే మేపుకుంటామని చూసిన ప్రతిసారీ చెప్పేది. అప్పటికి ఆమెకు నాలుగో నెల కడుపు. ఇంట్లో తోడు అత్త ఒక్కతే. ఊరంతా ఆమెను నరసవ్వ అంటారు.

పురుగులు నాలుగో జ్వరం లేచి చివరి మేతలో పడ్డాయి. పుట్టింది మొదలు తిన్నదంతా ఒక ఎత్తు, ఆ చివరి రోజుల్లో తినేది ఒక ఎత్తు. అప్పుడు మేత తప్పితే గూడు కట్టే దారం పురుగు కడుపులో తయారవదు. సరిగ్గా అప్పుడు జయమ్మ ఫోన్ చేసింది. పొద్దున మేత తీసుకుని తలుపు తీస్తే, ఆమె కాళ్ల పక్క నుంచే ఉడుము ఒకటి షెడ్డులోకి దూరిందట. అత్త దాని తోక చూసిందట. చూసి తలుపు మూసి బీగం వేసేసిందట.

ఉడుము దూరిన ఇంటిని ఇంటివాళ్లు వదిలిపెట్టాలని మన వైపు పాత కట్టుబాటు. కొన్ని నెలలు ఎవరూ గడప తొక్కరు, ఆ తర్వాత శాంతి చేయించి అడుగు పెడతారు. మనుషులుండే ఇల్లయితే చుట్టాల ఇంట్లో తలదాచుకోవచ్చు. పురుగులకు చుట్టాలెవరు?

నేను స్కూటీ మీద వెళ్లేసరికి నరసవ్వ షెడ్డు ముందు రాతి మీద కూర్చుని ఉంది, బీగం చెవి కొంగున ముడేసుకుని. నాకు తెలిసిందంతా చెప్పాను. ఉడుము పెద్ద బల్లి మాత్రమే అని, పుట్టల్లో గుడ్లు పెట్టుకుని ఎలుకలూ పురుగులూ తిని బతుకుతుందని, ఎవరి ఇంటి మంచిచెడ్డలతో దానికి పనిలేదని. ఆమె మధ్యలో అడ్డు రాలేదు. నేను ఆపాక తన పెద్దకొడుకు గురించి చెప్పింది. వాడు చిన్నవాడుగా ఉన్నప్పుడు ఇంట్లోకి ఉడుము వచ్చింది. ఇల్లు వదలమని నరసవ్వ అత్త మొత్తుకుంది. మొగుడు ఇవన్నీ పాత మాటలని కొట్టిపారేశాడు. ఆ వానాకాలమే పిల్లవాడు విషజ్వరంతో పోయాడు.

"ఆయప్ప నగినాడు. ఆయప్పతో పాటు నేనూ నగినా" అంది.

నా కళ్లు జయమ్మ కడుపు మీదికి పోయాయి. సిగ్గు లేకుండా రాస్తున్నాను, ఆ క్షణంలో నాకు ఆ జంతువంటేనే కాదు, ఆ మాటంటే కూడా భయం వేసింది.

తలుపుకు చెవి ఆనించాను. చివరి మేతలో ఉన్న పురుగులు తింటుంటే షెడ్డు బయటికి సన్నగా జల్లు పడుతున్న చప్పుడు వినిపిస్తుంది. ఇన్నేళ్లలో ఆ చప్పుడు వింటేనే నాకు అన్నం సయించేది. లోపల ఏ చప్పుడూ లేదు. పొద్దుటి నుంచి మేత లేదు. ఇంకో పూట పోతే పురుగు నీరసిస్తుంది, ఆపైన రోగం తగులుకుంటే ఎవరూ ఏమీ చేయలేరు. జయమ్మ ఏడుస్తూ, "అత్తా, పురుగులు సచ్చిపోతాయి" అంది.

"సావనీ. నువ్వు బతుకు" అంది నరసవ్వ.

పక్కింటాయన మందు కొడితే ఉడుము బయటికి వస్తుందన్నాడు. ధర్మవరం బల్లి కళ్ల ముందు మెదిలి, నేను ఆయన మీద అరిచినంత పని చేశాను. ఫారెస్టు వాళ్లకు ఫోన్ చేస్తే మరుసటి రోజు వస్తామన్నారు. ఉడుమును మనమేమీ చేయకూడదు, అది నేరం. అందరం ఆ మూసిన తలుపును చూస్తూ నిలబడ్డాం.

చాలాసేపటికి నరసవ్వ కొంగు ముడి విప్పింది. "ఇంటోళ్లు దూరకూడదని చెప్పినారు పెద్దోళ్లు. బయటోళ్ల మాట చెప్పల్యా. నువ్వు మా ఇంటిదానివి కాదు గదమ్మా. నువ్వు పోయి ఎయ్యి మేత."

రోగాలు వస్తాయని, షెడ్డులోకి బయటివాళ్లను రానీయవద్దని ఊరూరా చెప్పి తలుపుల మీద సున్నంతో రాయించినదాన్ని నేను. ఆ కట్టుబాటుకు జడిసి ఊరివాళ్లెవరూ గడప తొక్కరు, ఇప్పుడు ఆ షెడ్డులోకి పోదగ్గ బయటి మనిషిని నేనొక్కదాన్నే అయ్యాను. ముందు నుయ్యి వెనక గొయ్యి అంటే ఏమిటో నాకు అప్పుడు తెలిసింది. దాచి లాభం లేదని ఉన్నమాట చెప్పేశాను, తొండను చూస్తేనే నాకు గుండె ఆగుతుందని, ఉడుము ఎదురైతే పడిపోతానని.

ఆమె నవ్వలేదు. లోపలికి పోయి బావి చేంతాడు తెచ్చి నా నడుముకు కట్టింది. "పడితే లాగుతా. తాడు నా చేతిలోనే ఉంటాది" అంది.

తాడు

వెనకటికి సైనికులు ఉడుముకు తాడు కట్టి గోడ మీదికి విసిరి, దాని పట్టు సాయంతో కోటలెక్కేవారని పెనుకొండలో ఎవరిని అడిగినా చెబుతారు. నా నడుముకు తాడు బిగుస్తుంటే గుర్తొచ్చింది మాత్రం పిల్లల చేతిలో దారానికి చిక్కుకున్న తూనీగ.

బ్లీచింగ్ నీళ్లలో కాళ్లు ముంచి గడప దాటాను. లోపల ఉక్కగా, పులిసిన ఆకు వాసన. పురుగులన్నీ తలలెత్తి గాలిలో వెతుక్కుంటున్నాయి. ఉడుము కనిపించలేదు. కనిపించకపోవడం ఇంకా భయం. మల్బరీ కొమ్మలు ఒక్కొక్కటే పరుస్తూ పోయాను. వెనక నుంచి జల్లు మొదలైంది. ఒక అర తర్వాత ఒక అర, చప్పుడు పెరుగుతూ వస్తుంటే కొంచెం ధైర్యం వచ్చింది. అరల వరుస చుట్టూ తిరిగి చివరి మూలకు వచ్చాను.

అది అక్కడే ఉంది, పురుగులు గూళ్లు కట్టడానికి పెట్టే ఖాళీ వెదురు చంద్రికల వెనక. నా చేతికంటే పొడవు. మెడ ఉబ్బించి, చీలిన నాలుక బయటికి తీసి పెట్టి, ఒక్కసారిగా బుస కొట్టింది. ఊపిరితిత్తులున్న జంతువు ఊపిరి అది, ఏ పురుగూ అట్లా చప్పుడు చేయలేదు. నాకు అన్నీ తెలుసు. వెన్నెముక, పొలుసులు, నాలుగు కాళ్లు, నన్ను చూసి అదే బెదిరిందని కూడా తెలుసు. తెలిసినవేవీ నా మోకాళ్ల దాకా రాలేదు. చతికిలబడిపోయాను.

"మేడమ్?" అంది బయటి నుంచి నరసవ్వ. మళ్లీ పిలిచింది. తాడు బిగుసుకుంది. బిగుసుకుని ఆగిపోయింది. నేను అరల చుట్టూ తిరిగి వచ్చాను కదా, తాడు అరల గుంజకు మెలిపడి ఉంది. గట్టిగా లాగితే పురుగులతో సహా అరలన్నీ నా మీదే పడతాయి. ఆ బిగువు ఆమె చేతికి కూడా తెలిసినట్టుంది, లాగడం మానేసింది. నా పని అయిపోయిందనుకున్నాను. జల్లు చప్పుడు, దాని మధ్యలో ఆ బుస, ఇంకేమీ వినపడలేదు.

అప్పుడు తలుపు దగ్గర వెలుతురు తగ్గింది. నరసవ్వ గడప మీద నిలబడి ఉంది. ఒక కాలు ఎత్తి ఆగింది. తర్వాత ఆ కాలు బ్లీచింగ్ నీళ్లలో ముంచి, రెండోదీ ముంచి, లోపలికి వచ్చింది. తాడు పట్టుకునే నా దాకా వచ్చింది. ఆమె మొహంలో నెత్తురు చుక్క లేదు. ఒక మల్బరీ కొమ్మ తీసుకుని నేల మీద తడుతూ, "పో తల్లీ, నీ పుట్టకు నువ్వు పో" అంది. ఉడుము గోడ వెంట పరుగెత్తి తెరిచిన తలుపులోంచి వెళ్లిపోయింది.

నన్ను లేపిన ఆ చెయ్యి మంచుగడ్డలా ఉంది. "అవ్వా, నువ్వు దూరకూడదు కదా" అన్నాను.

"ఆ పొద్దు నా బిడ్డ పాయె. ఈ పొద్దు ఇంకొగరి బిడ్డను ఈడ పోగొట్టుకోమంటావా?" అంది. "ఏమైనా వస్తే నామీదికి రానీ. జయమ్మ మాత్రం ఈ గడప తొక్కగూడదు" అని, మిగిలిన కొమ్మలు తనే పరిచింది.

ఆ రోజు నుంచి గూళ్లు కట్టే దాకా పురుగులను మేపింది నరసవ్వే. నేను రోజూ వెళ్లి వచ్చేదాన్ని. గూళ్లు తెల్లగా, గట్టిగా వచ్చాయి. ఫారెస్టు వాళ్లకు ఉడుము కనిపించలేదు.

ఆ తర్వాత

కథ ఇక్కడితో ఆపితే మీకు బాగుంటుంది. కానీ నాకు భయం అక్కడితో ఆగలేదు. జయమ్మకు నెలలు నిండుతున్నకొద్దీ నాకు నిద్ర తగ్గింది. నెలకొకసారి డాక్టరుకు చూపించమని చెప్పి ఊరుకోలేక, తోడుగా నేనే వెళ్లేదాన్ని. ఉడుము గడప దాటితే కడుపులో బిడ్డకు ఏమీ కాదని నాకు తెలుసు, వందమందికి చెప్పాను కూడా. అయినా పెనుకొండ నుంచి ఫోన్ వస్తే ముందు జయమ్మ ఎట్లా ఉందనే అడిగేదాన్ని. నరసవ్వ లోపలికి వచ్చింది నా కోసం. ఆ ఇంటికి ఏదైనా జరిగితే, అందులో నా నడుము తాడు ఉంటుంది. ఇది సైన్సు కాదని మీరంటే ఒప్పుకుంటాను, కాదనను.

కొత్తగా చేరినవాళ్లకు నేను చెప్పగలిగింది ఇంతే. ఆరు కాళ్లదేదో, నాలుగు కాళ్లదేదో నేర్చుకోండి, అది తప్పితే పంటలు పోతాయి. భయం పోయే దాకా ఆగి ఆ తర్వాత లోపలికి పోదామనుకోకండి, అది పోదు. తాడు పట్టుకునేవాళ్లు ఎవరున్నారో చూసుకుని పోండి.

నేను రిటైరైన కొత్తలో ఒక మధ్యాహ్నం ఫోన్ మోగింది. జయమ్మ నంబరు, నరసవ్వ గొంతు. హిందూపురం ఆస్పత్రి నుంచి అంది.

"ఆడబిడ్డమ్మా. తల్లీ బిడ్డా బాగుండారు."

నేను వంటింట్లో నేల మీద కూర్చుండిపోయాను. "ఏమ్మా, ఉండావా?" అంది ఆమె.

"ఉండా అవ్వా" అన్నాను.

"ఈ పొద్దు ఇడిసినాలేమ్మా తాడు" అంది.